బయానా ఇచ్చాం, ఇల్లు రాలేదు: పోలీసు స్టేషనుకా, కోర్టుకా?



ఈ పాఠం ఇల్లు కొనేటప్పుడు రాసుకునే కాగితం గురించి. ఆ కాగితాన్ని అమ్మకపు ఒప్పందం అంటారు. వాడుకలో మనం అగ్రిమెంటు అంటాం. అగ్రిమెంటు రాసుకున్న రోజు ఇచ్చే పైసలను బయానా అంటాం. అడ్వాన్సు అని కూడా అంటాం.

దిల్‌సుఖ్‌నగర్, కొత్తపేట, సరూర్‌నగర్, ఎల్.బి.నగర్, వనస్థలిపురం. ఈ వైపు కాలనీల్లో, బస్తీల్లో కిరాయికి ఉండే ఆడవాళ్లు ఎంతోమంది. ఒకరు పూలు అమ్ముతారు. ఒకరు మిషను కుడతారు. ఒకరు నాలుగిళ్లలో పని చేస్తారు. నెల నెలా చిట్టీ కడతారు. సంఘంలో పొదుపు చేస్తారు. ఒక్క గది అయినా సొంతది కావాలని అందరికీ ఆశ. చిట్టీ పైసలు, పొదుపు పైసలు, మెడలో గొలుసు కుదువ పెట్టిన పైసలు, అన్నీ కలిపి బయానాగా ఇస్తారు.

కొన్నిసార్లు ఇల్లు రిజిస్ట్రేషన్ కాదు. పైసలూ తిరిగి రావు.

అప్పుడు మన నోట వచ్చే మొదటి మాట ఏది? "వాడి మీద ఫోర్ ట్వంటీ కేసు పెడతా!"

ఆ కేసు ఎప్పుడు నిలుస్తుంది? ఎప్పుడు నిలవదు? ఇది తెలియక కొందరు స్టేషను చుట్టూ ఏళ్ల తరబడి తిరుగుతారు. ఆలోగా కోర్టుకు వెళ్లే గడువు దాటిపోతుంది. రెండు విధాలా నష్టపోతారు. అందుకే ఈ పాఠం జాగ్రత్తగా చదవండి. పక్కవారికి చదివి వినిపించండి.

రెండు తలుపులు

న్యాయం కోసం మనం తట్టే తలుపులు రెండు ఉన్నాయి.

మొదటిది సివిల్ కోర్టు. మాట ఇచ్చి తప్పినవారి మీద ఇక్కడ దావా వేస్తాం. "ఒప్పుకున్నట్టు రిజిస్ట్రేషన్ చెయ్యాలి" అని అడుగుతాం. "లేదా నా పైసలు నాకు ఇవ్వాలి" అని అడుగుతాం. ఇక్కడ ఎవరినీ జైలులో పెట్టమని అడగం. మన హక్కు మనకు ఇప్పించమని అడుగుతాం.

రెండవది పోలీసు స్టేషను. నేరం చేసినవారి మీద ఇక్కడ ఫిర్యాదు ఇస్తాం. నేరం రుజువైతే కోర్టు శిక్ష వేస్తుంది.

మాట తప్పడం వేరు. మోసం చెయ్యడం వేరు. రెండింటిలోనూ మన పైసలు పోవచ్చు. మన కడుపు మంట ఒక్కటే. కానీ చట్టం రెండింటినీ ఒకటిగా చూడదు.

ఒకే ఒక ప్రశ్న

ఏ తలుపు తట్టాలో ఎలా తెలుస్తుంది? ఒక ప్రశ్న వేసుకోవాలి.

పైసలు తీసుకున్న రోజున అతని మనసులో మోసం ఉందా?

ఆ రోజే అబద్ధం చెప్పి, నిజం దాచి, మనల్ని నమ్మించి పైసలు తీసుకుంటే అది మోసం. అది నేరం.

ఆ రోజు నిజంగానే అమ్మాలనుకున్నాడు. తరువాత ధర పెరిగింది. మనసు మారింది. లేదా ఇంట్లో గొడవ వచ్చింది. ఇది మాట తప్పడం. తప్పే. కానీ పోలీసు కేసు కాదు. సివిల్ తగవు.

ఈ మాట సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. 2000 సంవత్సరంలో బీహారు నుంచి ఒక భూమి అమ్మకం కేసు వచ్చింది. అప్పుడూ ఇదే చెప్పింది. మోసపు ఆలోచన మొదట్లోనే ఉండాలి. తరువాత మాట తప్పినంత మాత్రాన మొదట్లోనే మోసం ఉందని అనుకోవడానికి వీలులేదు.

మరి మనసులో ఏముందో ఎవరికి కనిపిస్తుంది? మనసు కనిపించదు. కాగితం కనిపిస్తుంది. ఆ రోజు అతను ఏం చెప్పాడు? అది నిజమా, అబద్ధమా? అబద్ధమని అతనికి ఆ రోజే తెలుసా? వీటికి కాగితం సాక్ష్యం చెబుతుంది.

మూడు ఉదాహరణలు

ఇవి జరిగిన కథలు కావు. అర్థం కావడానికి చెప్పుకుంటున్నవి.

మొదటి ఉదాహరణ. పూలు అమ్మే ఒక అక్క సరూర్‌నగర్‌లో చిన్న ఇల్లు చూసింది అనుకుందాం. ఇంటాయనకు 3 లక్షల బయానా ఇచ్చింది. ఆరు నెలల గడువు రాసుకున్నారు. నాలుగు నెలలకు ఆ గల్లీలో ధరలు పెరిగాయి. "ఇంకో 5 లక్షలు ఎక్కువ ఇస్తేనే ఇస్తా" అన్నాడు ఇంటాయన. ఇల్లు అతనిదే. కాగితాలు సరైనవే. బయానా తీసుకున్న రోజు అబద్ధం ఏదీ చెప్పలేదు. ఇది మాట తప్పడం. సివిల్ కోర్టు తలుపు తట్టాలి.

రెండవ ఉదాహరణ. మిషను కుట్టే ఒక అక్క ఎల్.బి.నగర్ దగ్గర 60 గజాల జాగాకు బయానా ఇచ్చింది అనుకుందాం. అమ్మినాయన జిరాక్సు కాగితాలు చూపించాడు. తరువాత ఆమె ఈసీ తీయించింది. ఆ జాగాను అతను రెండేళ్ల కిందే మరొకరికి రిజిస్ట్రేషన్ చేశాడని తేలింది. బయానా తీసుకున్న రోజున ఆ జాగా అతనిది కాదు. ఆ సంగతి అతనికి తెలుసు. అయినా "నాదే" అన్నాడు. ఇది మోసం. పోలీసు స్టేషనుకు వెళ్లాలి.

మూడవ ఉదాహరణ. ఒక చెల్లెలు దిల్‌సుఖ్‌నగర్‌లో ఫ్లాటుకు బయానా ఇచ్చింది అనుకుందాం. "దీని మీద ఏ అప్పూ లేదు" అని అగ్రిమెంటులో రాశారు. ఫ్లాటు మీద బ్యాంకు అప్పు ఉంది. ఒరిజినల్ కాగితాలు బ్యాంకులో ఉన్నాయి. అప్పు తీసుకున్నది అమ్మినాయనే. ఇది కూడా మోసం కావచ్చు. "ఏ అప్పూ లేదు" అన్న వాక్యం కింద అతని సంతకం ఉంది. ఆ సంతకమే మనకు సాక్ష్యం.

మూడింటిలోనూ బయానా పోయింది. కానీ మొదటిది ఒక దారి. మిగతా రెండూ మరో దారి.

గుర్తు పెట్టుకోండి. ఈ కింది పనులు మోసానికి గుర్తులు:

తనది కాని ఇల్లు తనదని చెప్పడం.
ఇంతకుముందే అమ్మేసిన జాగాను మళ్లీ అమ్మడం.
అప్పు, కోర్టు కేసు ఉన్న సంగతి తెలిసీ దాచడం.
దొంగ కాగితాలు చూపించడం.
అన్నదమ్ముల, అక్కచెల్లెళ్ల సంతకాలు దొంగగా పెట్టడం.

ఇప్పుడు సెక్షన్ 420 కాదు

ఫోర్ ట్వంటీ అంటే పాత శిక్షా చట్టంలో 420వ సెక్షన్. 2024 జూలై 1 నుంచి కొత్త చట్టం వచ్చింది. దాని పేరు భారతీయ న్యాయ సంహిత. అందులో మోసం గురించి చెప్పేది 318వ సెక్షన్. నమ్మించి, మోసంతో ఆస్తి గానీ పైసలు గానీ తీసుకుంటే 7 ఏళ్ల దాకా జైలు శిక్ష పడవచ్చు. జరిమానా కూడా ఉంటుంది. 2024 జూలై 1కి ముందు జరిగిన మోసానికి పాత 420 సెక్షనే వర్తిస్తుంది.

సెక్షన్ నంబరు మారింది. అడిగే ప్రశ్న మారలేదు. మొదటి రోజు మోసం ఉందా, లేదా?

రెండు నిజమైన కేసులు

ఇప్పుడు నిజంగా జరిగినవి రెండు చెప్పుకుందాం.

పంజాబులో ఒక ప్లాటుకు 2013లో అగ్రిమెంటు రాసుకున్నారు. అమ్మకం జరగలేదు. 2017లో పోలీసులు మోసం కేసు పెట్టారు. కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 2023 మార్చి 1న కోర్టు ఆ కేసును కొట్టివేసింది. మొదట్లోనే మోసం ఉందని చూపించకపోతే, ఒప్పందం తప్పినందుకు నేరం కేసు నడవదు అంది. పైసల కోసం ఒత్తిడి చెయ్యడానికి క్రిమినల్ కోర్టును వాడుకోకూడదు అని కూడా అంది.

లెక్క చూడండి. 2013 నుంచి 2023 దాకా పదేళ్లు.

రెండవది ఉత్తరప్రదేశ్‌లోని కాన్పూరులో. ఒక గోదాము అమ్మకానికి నోటి మాటగా బేరం కుదిరింది. ధర 1 కోటి 35 లక్షలు. కొనేవారు 19 లక్షలు ఇచ్చారు. 2020 సెప్టెంబరు 15 లోగా ధరలో నాలుగో వంతు ఇవ్వాలి. ఇవ్వలేదు. అమ్మేవారు ఆ గోదామును ఇంకొకరికి 90 లక్షలకే అమ్మేశారు. కొనేవారు మోసం అంటూ ఫిర్యాదు చేశారు. పోలీసులు కేసు పెట్టారు. 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ కేసును కొట్టివేసింది. ఇది సివిల్ తగవు అంది. సివిల్ తగవును నేరం కేసుగా మార్చినందుకు ఉత్తరప్రదేశ్ ప్రభుత్వం 50 వేల రూపాయల ఖర్చులు కట్టాలని చెప్పింది.

ఇందులో మనకు రెండు పాఠాలు ఉన్నాయి. నోటి మాట మీద అంత పైసలు ఇవ్వకూడదు. కోపం ఎంత ఉన్నా, తప్పు తలుపు తడితే పైసలు దొరకవు.

మన ఇంటి పక్కన: 44 కాలనీల సంగతి

ఎల్.బి.నగర్ నియోజకవర్గంలో 44 కాలనీల సంగతి చాలామంది వినే ఉంటారు. ఆ కాలనీల భూములు నిషేధ జాబితాలో చేరాయి. దాన్ని 22-ఎ జాబితా అంటారు. ఆ జాబితాలో ఉన్న ఇంటికి రిజిస్ట్రేషన్ జరగదు. ఇళ్లు కట్టుకుని ఏళ్ల తరబడి ఉంటున్నవారు కూడా అమ్ముకోలేకపోయారు. 2022 అక్టోబరులో ప్రభుత్వం జీవో 118 ఇచ్చింది. రుసుము కట్టించుకుని ఆ ఇళ్లను క్రమబద్ధం చేస్తామని చెప్పింది.

ఇలాంటి ఇంటికి బయానా ఇచ్చాక రిజిస్ట్రేషన్ ఆగిపోతే, అది మోసమా?

మళ్లీ అదే ప్రశ్న వేసుకుందాం.

అమ్మినాయనకు జాబితా సంగతి ముందే తెలుసు. దాచాడు. "రేపే రిజిస్ట్రేషన్" అని చెప్పి పైసలు తీసుకున్నాడు. అయితే అది మోసం కావచ్చు.

అమ్మినాయన ముందే చెప్పాడు. "జీవో కింద దరఖాస్తు పెట్టిన. పని అయినంక రిజిస్ట్రేషన్ చేస్తా" అన్నాడు. మనం ఒప్పుకుని బయానా ఇచ్చాం. పని కాలేదు. అయితే అది మోసం కాదు. సివిల్ తగవు.

అతనికీ తెలియదు, మనకూ తెలియదు. అప్పుడూ మోసం కాదు. కానీ బయానా తిరిగి అడిగే దారి సివిల్ కోర్టులో ఉంది.

ఇల్లు ఒకటే. జాబితా ఒకటే. అతనికి ఏం తెలుసు, మనకు ఏం చెప్పాడు అన్నదాన్ని బట్టి దారి మారుతుంది.

మూడేళ్ల లెక్క

ఇది ఈ పాఠంలో అన్నిటికంటే ముఖ్యమైన మాట.

రిజిస్ట్రేషన్ చెయ్యమని సివిల్ కోర్టులో దావా వెయ్యడానికి 3 ఏళ్ల గడువు ఉంది. అగ్రిమెంటులో రిజిస్ట్రేషనుకు తేదీ రాసి ఉంటే, ఆ తేదీ నుంచి 3 ఏళ్లు. తేదీ రాయకపోతే, "చెయ్యను" అని ఎదుటివారు అన్నట్టు మనకు తెలిసిన రోజు నుంచి 3 ఏళ్లు.

లెక్క చేద్దాం. అగ్రిమెంటులో రాసిన తేదీ 2025 జూన్ 10 అనుకుందాం. 2028 జూన్ 10 లోగా దావా వెయ్యాలి. ఆ తరువాత వేస్తే కోర్టు తీసుకోదు.

స్టేషనులో ఫిర్యాదు ఇచ్చాం కదా అని ఈ లెక్క ఆగదు. పోలీసులు పిలుస్తారు. "వచ్చే నెల ఇస్తా" అంటాడు. మళ్లీ పిలుస్తారు. "దసరాకు ఇస్తా" అంటాడు. తరువాత "సంక్రాంతికి" అంటాడు. మనం ఆశతో తిరుగుతూ ఉంటాం. అటు మూడేళ్లు దాటిపోతాయి.

అందుకే మోసం జరిగిందని అనుమానం ఉన్నా, సివిల్ తలుపు మరిచిపోకూడదు. నిజంగా మోసం ఉంటే రెండు తలుపులూ తట్టవచ్చు. ఒకటి తట్టామని రెండవది మూసుకుపోదు.

దావా వేసేటప్పుడు రెండూ అడగాలి. ఒకటి, రిజిస్ట్రేషన్ చెయ్యాలి. రెండు, అది కుదరకపోతే బయానా వడ్డీతో తిరిగి ఇవ్వాలి. బయానా సంగతి అడగకపోతే కోర్టు తనంతట తాను ఇప్పించదు. ఇల్లు మరొకరికి అమ్మకుండా ఆపమని కూడా అడగవచ్చు.

ఇంకొక మాట. మిగతా పైసలు కట్టడానికి మనం సిద్ధంగా ఉన్నామని మనమే చూపించాలి. బ్యాంకు పాసుబుక్కు, లోను మంజూరు కాగితం దాచి పెట్టాలి. గడువులోగా మనమే కట్టకపోతే, అగ్రిమెంటులో అలా రాసి ఉంటే, బయానా పోయే ప్రమాదం కూడా ఉంది.

అక్కలు అడిగే ప్రశ్నలు

"టీచరమ్మా, స్టేషనుల చెప్తే వాళ్లు పైసలు ఇప్పించరా?"

పోలీసుల పని నేరాన్ని విచారించడం. పైసలు వసూలు చేసి ఇవ్వడం వారి పని కాదు. పైసలు ఇప్పించే అధికారం కోర్టుకు ఉంది.

"మరి ఫిర్యాదు ఎట్ల రాయాలె?"

"నా పైసలు ఇప్పించండి" అని మాత్రమే రాస్తే, ఇది సివిల్ అని పంపిస్తారు. జరిగిన మోసాన్ని రాయాలి. ఇలా రాయాలి:

"నాకు ఫలానా తేదీన, ఫలానా చోట, ఈ ఇల్లు తనదే అని చెప్పాడు. దీని మీద అప్పు లేదని అగ్రిమెంటులో రాశాడు. నేను నమ్మి ఇంత సొమ్ము ఇచ్చాను. తరువాత ఈసీ తీయించాను. ఈ ఇల్లు ఫలానా సంవత్సరంలోనే మరొకరికి అమ్మినట్టు అందులో ఉంది. అగ్రిమెంటు, ఈసీ, బ్యాంకు కాగితం నకళ్లు జతపరిచాను."

ఒక అబద్ధం, దాన్ని నమ్మి ఇచ్చిన పైసలు, అది అబద్ధమని చూపే కాగితం. ఈ మూడూ ఉండాలి. కేసు గట్టిగా ఉండాలని లేనిది కల్పించి రాయకూడదు. అబద్ధపు ఫిర్యాదు కూడా నేరమే.

"రాసి ఇచ్చినా తీసుకోకపోతే?"

2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు ఒక తీర్పు ఇచ్చింది. ఫిర్యాదులో అరెస్టు చెయ్యదగిన నేరం కనిపిస్తే పోలీసులు ఎఫ్ఐఆర్ నమోదు చెయ్యాలి. పైసల లావాదేవీల తగవుల్లో ముందు కొద్ది రోజులు విచారణ చెయ్యవచ్చు. ఎఫ్ఐఆర్ నకలు మనకు ఉచితంగా ఇవ్వాలి. "ఇది మా స్టేషను కిందికి రాదు" అని పంపకూడదు. ఏ స్టేషనులోనైనా తీసుకుని సరైన స్టేషనుకు పంపాలి. దాన్ని జీరో ఎఫ్ఐఆర్ అంటారు. అయినా తీసుకోకపోతే, ఫిర్యాదును పై అధికారికి స్పీడ్ పోస్టులో పంపాలి. నగరంలో అయితే డీసీపీకి పంపాలి. అక్కడా పని జరగకపోతే మేజిస్ట్రేటు కోర్టుకు వెళ్లవచ్చు.

"బయానా వాపసు అని చెక్కు ఇచ్చిండు. బ్యాంకుల పైసలు లేవన్నరు. ఇప్పుడేం చెయ్యాలె?"

చెక్కు తిరిగి వస్తే దానికి వేరే చట్టం ఉంది. అందులో రోజుల లెక్క చాలా గట్టిది. చెక్కు చెల్లలేదని బ్యాంకు కాగితం ఇస్తుంది. అది అందిన 30 రోజుల్లోగా చెక్కు ఇచ్చినవారికి నోటీసు పంపాలి. నోటీసు అందాక వారికి 15 రోజుల గడువు ఉంటుంది. ఆ 15 రోజుల్లో కట్టకపోతే, ఆ తరువాత ఒక నెలలోగా మేజిస్ట్రేటు కోర్టులో కేసు వెయ్యాలి. ఈ కేసుకు పోలీసు స్టేషనుకు పోనక్కరలేదు. నేరుగా కోర్టుకే వెళ్లాలి. ఇల్లు అమ్మడంలో మోసం లేకపోయినా ఈ కేసు నడుస్తుంది.

"కోర్టంటే లాయరుకు పైసలు కావాలె. మా దగ్గర యాడున్నయి?"

ఇది విని ధైర్యం తెచ్చుకోండి. ఆడవారికి ఉచితంగా లాయరును ఇవ్వాలని 1987లో చట్టం చేశారు. సంపాదన ఎంత అని అడగరు. ఆడవారైతే చాలు. కోర్టు ఫీజు కూడా వారే చూసుకుంటారు. రంగారెడ్డి జిల్లా కోర్టులు ఎల్.బి.నగర్‌లోనే ఉన్నాయి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వాలి. ఫోను చెయ్యాలంటే నంబరు 15100.

ఇల్లు ఏ జిల్లాలో ఉంటే ఆ జిల్లా కోర్టులో దావా వెయ్యాలి. సరూర్‌నగర్, ఎల్.బి.నగర్ వైపు రంగారెడ్డి జిల్లా. దిల్‌సుఖ్‌నగర్ దాటి మలక్‌పేట వైపు వెళ్తే హైదరాబాదు జిల్లా. అగ్రిమెంటులో జిల్లా పేరు చూసుకోండి.

బయానా ఇచ్చే ముందు

ఇల్లు కాలాక బావి తవ్వి లాభం లేదు. ముందే ఈ పనులు చెయ్యాలి.

1. ఒరిజినల్ కాగితాలు చూపించమని అడగాలి. జిరాక్సు చూసి పైసలు ఇవ్వకూడదు. "ఒరిజినల్ లాకర్‌లో ఉంది, తరువాత చూపిస్తా" అంటే చూపించేదాకా ఆగాలి. బ్యాంకులో కుదువ పెట్టి ఉండవచ్చు.

2. ఈసీ తీయించాలి. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో గానీ మీ సేవలో గానీ అడగాలి. ఆ ఆస్తిని ఎవరు ఎవరికి రిజిస్ట్రేషన్ చేశారో అందులో ఉంటుంది. రిజిస్టర్ చెయ్యని అగ్రిమెంట్లు మాత్రం ఈసీలో కనిపించవు.

3. ఆ సర్వే నంబరు నిషేధ జాబితాలో ఉందా అని సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో అడగాలి.

4. ఆ ఇంట్లో ఎవరున్నారో వెళ్లి చూడాలి. కిరాయివారిని, పక్కింటివారిని అడగాలి. "ఈ ఇల్లు ఎవరిది?" అన్న ఒక్క మాట చాలా సంగతులు బయటపెడుతుంది.

5. నోటరీ కాగితం, జీపీఏ చూపించి "ఇదే అమ్మకం" అంటే నమ్మకూడదు. వాటితో ఇల్లు మనది కాదని 2011లో సుప్రీంకోర్టు చెప్పింది. రిజిస్టర్ అయిన సేల్ డీడుతోనే ఇల్లు మనది అవుతుంది.

6. పైసలు బ్యాంకు ద్వారా ఇవ్వాలి. ఇల్లు, జాగా అమ్మకంలో 20 వేలు, అంతకు మించి నగదు తీసుకోకూడదని 2015 నుంచి నిబంధన ఉంది. బ్యాంకు ద్వారా ఇస్తే మన దగ్గర సాక్ష్యం ఉంటుంది.

7. అగ్రిమెంటులో మూడు వాక్యాలు తప్పక రాయించాలి. "ఈ ఇల్లు నాది." "దీని మీద అప్పు, కోర్టు కేసు, నిషేధం లేవు." "ఫలానా తేదీలోగా రిజిస్ట్రేషన్ చేస్తాను." రేపు మోసం జరిగితే ఈ వాక్యాలే మాట్లాడతాయి.

8. అగ్రిమెంటును కూడా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రిజిస్టర్ చేయించవచ్చు. అప్పుడు అది ఈసీలో కనిపిస్తుంది. అదే ఇల్లు ఇంకొకరికి అమ్మడం కష్టమవుతుంది.

9. సంతకం పెట్టే ముందు కాగితం అంతా మనమే చదవాలి. మధ్యవర్తి చదివి చెబితే సరిపోదు. మనకు చదువు వచ్చింది. తొందర పెడితే "రేపు పెడతా" అనాలి.

బయానా ఇచ్చాక గొడవ వస్తే, ముందు లాయరు ద్వారా నోటీసు పంపించాలి. నోటీసు నకలు, పోస్టు రసీదు, అందినట్టు కాగితం ఒక సంచిలో భద్రంగా పెట్టాలి. ఫోనులో వచ్చిన సందేశాలు చెరిపివేయకూడదు.

కొత్త మాటలు

బయానా: కొనేటప్పుడు ముందుగా ఇచ్చే పైసలు.
అగ్రిమెంటు: అమ్ముతాను, కొంటాను అని రాసుకున్న కాగితం. దీనితో ఇల్లు మనది కాదు.
సేల్ డీడు: ఇల్లు అమ్మినట్టు రిజిస్టర్ అయిన పత్రం.
ఈసీ: ఆస్తి మీద జరిగిన రిజిస్ట్రేషన్లు చూపించే పత్రం.
దావా: హక్కు కోసం సివిల్ కోర్టులో వేసే కేసు.
ఎఫ్ఐఆర్: నేరం గురించి పోలీసులు మొదట రాసే నివేదిక.

చెప్పండి

1. మాట తప్పడానికీ మోసానికీ తేడా ఏమిటి?
2. ఇల్లు మీద అప్పు ఉంది. అమ్మేవారు ముందే మనకు చెప్పారు. తరువాత అప్పు తీర్చలేదు. ఇది ఏ తలుపు?
3. ఒకే జాగాను ముందే అమ్మేసి, మళ్లీ మన దగ్గర బయానా తీసుకున్నారు. ఇది ఏ తలుపు?
4. ఉచిత లాయరు కోసం ఏ నంబరుకు ఫోను చెయ్యాలి?

లెక్క చెయ్యండి

1. అగ్రిమెంటులో రిజిస్ట్రేషన్ తేదీ 2026 మార్చి 5. దావా ఏ తేదీలోగా వెయ్యాలి?
2. చెక్కు చెల్లలేదని బ్యాంకు కాగితం ఏప్రిల్ 1న అందింది. నోటీసు ఏ తేదీలోగా పంపాలి?

రాయండి

ఈ వాక్యాలను మీ నోటు పుస్తకంలో రాయండి. మీ ఇంట్లో వారికి చదివి వినిపించండి.

జిరాక్సు చూసి బయానా ఇవ్వను.
చదవకుండా సంతకం పెట్టను.
మొదటి రోజు మోసం ఉంటే స్టేషను. తరువాత మాట తప్పితే సివిల్ కోర్టు.
ఏ దారిలో వెళ్లినా మూడేళ్ల లెక్క మరవను.